అష్టమి పోటు: పగడపు దీవుల మీద జరిగిన యుద్ధం

మిత్రులారా, నమస్కారం.

ఈ సభకు వస్తూ దారిలో బీచ్ రోడ్డు మీద పది నిమిషాలు ఆగాను. నీరు బాగా వెనక్కు తగ్గి ఉంది. నాచు పట్టిన రాళ్ళు బయటపడ్డాయి. ఓడరేవులో ఉద్యోగం చేసినంత కాలం పొద్దున్నే నేను మొదట చూసిన కాగితం ఆ రోజు పోటుపాట్ల పట్టిక. ఆ అలవాటు వల్లనే కావచ్చు, రెండో ప్రపంచ యుద్ధం గురించి చదివేటప్పుడు కూడా నా కన్ను ముందు నీటి లోతు మీద పడుతుంది. ఎన్ని ఫిరంగులు, ఎన్ని విమానాలు అన్నది తరవాతి మాట. ఆ రోజు ఆ ఒడ్డున నీరు ఎన్ని అడుగులు ఉంది? ఈ సాయంత్రం నేను చెప్పబోయే పసిఫిక్ పగడపు దీవుల పోరు కథంతా ఆ ప్రశ్న చుట్టూనే తిరుగుతుంది.

పసిఫిక్ యుద్ధం మనకు సంబంధం లేనిదని అనుకుంటాం. కానీ 1942 ఏప్రిల్ 6న మన విశాఖ మీద బాంబులు పడ్డాయి. అదే రోజు కాకినాడ మీద కూడా పడ్డాయి. మూటాముల్లె సర్దుకుని జనం పల్లెలకు వెళ్ళిపోయిన సంగతి మా ఇంట్లో పెద్దవాళ్ళు చెబుతూ ఉండేవారు. ఆ విమానాలు వచ్చింది ర్యూజో అనే జపాను విమానవాహక నౌక నుంచి. అదే ఏడాది ఆగస్టు 24న ఆ నౌక సోలమన్ దీవుల దగ్గర మునిగిపోయింది. విశాఖ ఆకాశానికీ, సోలమన్ సముద్రపు అడుగుకూ మధ్య నాలుగున్నర నెలలే దూరం.

మరో సంగతి. జపాను నౌకలు మన బంగాళాఖాతంలో స్వైరవిహారం చేసిన ఆ వారంలో బ్రిటిష్ తూర్పు నౌకాదళం ఎక్కడ ఉందో తెలుసా? మాల్దీవుల దక్షిణ కొసన అడ్డూ అటాల్‌లో, ఎవరి కంటా పడకుండా ఇంధనం నింపుకుంటోంది. చుట్టూ పగడపు గోడ, లోపల నిశ్చలమైన నీరు. అసలు అటాల్ అన్న మాటే మాల్దీవుల భాష నుంచి ప్రపంచానికి వెళ్ళింది. మన దేశంలో వీటిని చూడాలంటే లక్షద్వీప్ వెళ్ళాలి.

అటాల్ అంటే ఏమిటో కాస్త నిదానంగా చెప్పుకోవాలి. ఎందుకంటే ఆ యుద్ధపు తీరునంతటినీ నిర్ణయించింది ఈ నేల స్వభావమే. సముద్రంలో ఒక అగ్నిపర్వతం పైకి లేస్తుంది. దాని చుట్టూ పగడపు జీవులు గూడు కడతాయి. కాలం గడిచేకొద్దీ కొండ మెల్లగా కుంగిపోతుంది. పగడం మాత్రం వెలుతురు కోసం పైకి పెరుగుతూనే ఉంటుంది. చివరికి కొండ కనిపించకుండా పోయి, ఒకప్పుడు దాని నడుము చుట్టూ ఉన్న వడ్డాణం మాత్రం నీటి మట్టానికి మిగులుతుంది. ఆ వడ్డాణమే అటాల్. 1842లో డార్విన్ చెప్పిన సిద్ధాంతం ఇది. ఆ వలయం మీద అక్కడక్కడా ఇసుక మేట వేసి సన్నటి దీవులు ఏర్పడతాయి. నది ఉండదు, వాగు ఉండదు, గుట్ట ఉండదు. వాన నీరు ఇసుకలోకి ఇంకి, కిందనున్న ఉప్పునీటి మీద పలచటి పొరలా తేలుతూ ఉంటుంది. దీవి జనం తాగేది ఆ నీరే. కొబ్బరి, మొగలి జాతి చెట్లు, గోతుల్లో పెంచే చేమ దుంప, మడుగులో చేప. అక్కడి బతుకు అంతే, అందులోనే అన్నీ ఉన్నాయి.

సైన్యాధికారుల కళ్ళకు ఇదే నేల వేరే విధంగా కనిపించింది. చదునైన ఇసుక పట్టీ కనిపిస్తే అది విమానాల రన్‌వే. లోపలి మడుగు కనిపిస్తే అది వందల ఓడలు లంగరు వేసుకోగల రేవు. హవాయి నుంచి జపాను వైపు వెళ్ళే దారిలో వేల మైళ్ళ దూరం నీళ్ళే. ఆ నీళ్ళ మధ్య విమానం దిగడానికి చోటున్నది ఈ ఇసుక మేటల మీదనే. దీవి మీద కాపురం ఉన్నవాళ్ళ ఇల్లు, తోట, నీళ్ళ బావి ఈ లెక్కలో ఎక్కడా లేవు.

ఇప్పుడు టరావాకు వెళ్దాం. గిల్బర్ట్ దీవులు అప్పట్లో బ్రిటిష్ పాలనలో ఉండేవి, యుద్ధం వచ్చాక జపాను ఆక్రమించింది. ఇప్పుడు ఆ దేశం పేరు కిరిబాస్. గిల్బర్ట్స్ అన్న మాటే అక్కడి వాళ్ళ నోట అలా మారింది. టరావా అటాల్ నైరుతి మూలన బెటియో అనే దీవి ఉంది. పొడవు మూడున్నర కిలోమీటర్లు, మహా వెడల్పు ఉన్నచోట ఏడు వందల మీటర్లు. మొత్తం 300 ఎకరాల లోపే. ఎత్తు అంటారా, మనిషిన్నర ఎత్తు. ఈ చివర నిలబడి చూస్తే రెండు వైపులా సముద్రం కనిపిస్తుంది.

1942 ఆగస్టులో పక్కనున్న మాకిన్ అటాల్ మీద అమెరికన్ మెరీన్లు, అంటే సముద్రం మీది నుంచి వచ్చి ఒడ్డున దిగి పోరాడే దళం వాళ్ళు, జలాంతర్గాముల్లో వచ్చి ఒక మెరుపు దాడి చేసి వెళ్ళిపోయారు. సాధించింది ఏమీ లేదు. పైగా జపాను మేలుకుంది, గిల్బర్ట్ దీవులను గట్టి చేసుకోవాలని నిర్ణయించుకుంది. ఆ అక్టోబరు 15న బెటియోలో 22 మందిని తల నరికి చంపారు. వారిలో 17 మంది తీరం మీద నిఘా పనిలో ఉన్న న్యూజిలాండ్ వాళ్ళు, మిగిలినవారు మామూలు పౌరులు. ఊరి జనాన్ని దీవి నుంచి వెళ్ళగొట్టారు. ఆ తరవాత పదమూడు నెలల పాటు తవ్వడం, పూడ్చడం, కట్టడం. రియర్ అడ్మిరల్ షిబసాకి కేజీ చేతికి వచ్చేనాటికి ఆ చిన్న దీవి ఒక కోట. దాదాపు 4,800 మంది ఉండేవారు. అందులో పోరాడే సైనికులు 2,600 మంది వరకు. మిగిలినవారు కూలీలు, వారిలో సుమారు 1,200 మంది కొరియా నుంచి తరలించి తెచ్చినవాళ్ళు. పది లక్షల మంది వచ్చినా వందేళ్ళలో ఈ దీవిని పట్టుకోలేరని షిబసాకి తన వాళ్ళతో అన్నాడని చెబుతారు.

ఆ కోట కట్టింది దేనితో? చాలా వరకు కొబ్బరి మొద్దులతో. కోనసీమ వాళ్ళు ఈ సభలో ఉంటే నా మాట వెంటనే అర్థమవుతుంది. కొబ్బరి మాను మామూలు కలప లాంటిది కాదు. గొడ్డలి వేస్తే పెళ్ళలు లేవదు, పీచు పీచుగా దెబ్బను తాగేస్తుంది. రెండు వరసల కొబ్బరి మొద్దుల మధ్య పగడపు రాయి, ఇసుక కూరి, పైన మళ్ళీ అడుగుల మందాన ఇసుక కప్పితే, ఫిరంగి గుండు వచ్చి పడినా దుమ్ము లేస్తుంది తప్ప లోపలి మనిషికి ఏమీ కాదు. పై నుంచి చూసే విమానానికి అది ఇసుక దిబ్బలా కనిపిస్తుంది. సముద్రం ఒడ్డు పొడవునా ఛాతీ ఎత్తు దాకా ఇవే మొద్దులతో గోడ కట్టారు. ఈ కొబ్బరి చెట్లన్నీ ఒకరి తాతలు నాటినవే. దాడి కథ చదివే ప్రతిసారీ నాకు ఆ తోటలు గుర్తుకొస్తాయి.

అమెరికన్లు ఏమీ తెలియకుండా వెళ్ళలేదు. విమానాల నుంచి ఫోటోలు తీశారు. జలాంతర్గామి నుంచి ఒడ్డు పొడవునా ఫోటోలు తీశారు. నీటి మీద కట్టిన మరుగుదొడ్లను ఫోటోల్లో లెక్కపెట్టి, దీవి మీద ఎంతమంది ఉన్నారో అంచనా వేశారు. ఆ అంచనా నిజానికి చాలా దగ్గరగా వచ్చింది. ఎన్ని ఫిరంగులు, ఎక్కడెక్కడ ఉన్నాయో కూడా చాలా వరకు తెలుసు. తెలియనిది ఒక్కటే. దీవి చుట్టూ వందల గజాల దాకా పరుచుకున్న పగడపు తిన్నె మీద ఆ ఉదయం నీరు ఎంత ఉంటుంది? వాళ్ళ చేతిలో ఉన్న సముద్ర పటాలు 1841లో వచ్చిన ఒక సర్వే నౌకాయాత్ర నాటివి. నూరేళ్ళ పాతవి.

సైనికులను ఒడ్డుకు చేర్చే హిగిన్స్ పడవలకు నాలుగు అడుగుల నీరు కావాలి. నాలుగు ఉంటే తిన్నె మీదుగా నేరుగా ఇసుకలోకి వెళ్తాయి. మూడే ఉంటే తిన్నె అంచున కూలబడతాయి. ఆ దీవుల్లో తిరిగిన నావికులను, పూర్వపు అధికారులను పిలిపించి అడిగారు. అయిదు అడుగులు ఉంటుందని ఎక్కువ మంది చెప్పారు. మేజర్ ఫ్రాంక్ హాలండ్ అనే న్యూజిలాండ్ ఆయన మాత్రం అడ్డంగా తల ఊపాడు. ఆయన ఏళ్ళ తరబడి టరావాలో కాపురం ఉండి, రోజూ ఆ నీటిని చూసిన మనిషి. మీరు అనుకున్న తేదీన మూడు అడుగులు కూడా ఉండదని చెప్పాడు. దళాధిపతి జనరల్ జూలియన్ స్మిత్ ఆ మాటను పూర్తిగా కొట్టిపారేయలేదు. పడవలు ఆగిపోవచ్చు, నడవడానికి సిద్ధంగా ఉండండి, సగానికి సగం అవకాశం ఉంది అని తన మెరీన్లకు చెప్పించాడు. కానీ తేదీ మారలేదు. వెనకాలే మార్షల్ దీవుల దాడి వరసలో ఉంది. ఓడలన్నీ ఆ లెక్క ప్రకారం కదులుతున్నాయి.

దాడి రోజు 1943 నవంబరు 20. మన పంచాంగం తీసి చూడండి. స్వభాను నామ సంవత్సరం, కార్తీక మాసం, బహుళ అష్టమి ప్రాంతం. జాలరిపేటలో ఏ పెద్దాయనను అడిగినా చెబుతాడు, అమావాస్యకూ పున్నమికీ పెద్ద పోటు, అష్టమికి చిన్న పోటు అని. సూర్యుడూ చంద్రుడూ ఒకే వరసలో ఉన్నప్పుడు సముద్రాన్ని కలిసి లాగుతారు. అష్టమి నాడు ఒకరు ఇటు, ఒకరు అటు లాగుతారు, నీరు పెద్దగా ఎక్కదు, పెద్దగా దిగదు. ఇక్కడ విశాఖలో కూడా అమావాస్యకు మీటరున్నర దాకా ఉండే తేడా అష్టమికి అర మీటరుకు పడిపోతుంది. బెటియోలో ఆ రోజు దీనికి మరొకటి తోడైంది. చంద్రుడు తన కక్ష్యలో భూమికి బాగా దూరంగా ఉన్న రోజులు అవి. ఈ రెండూ ఒకేసారి రావడం అరుదు. ఈ లెక్క కట్టి చెప్పింది డొనాల్డ్ ఓల్సన్ అనే భౌతిక శాస్త్రవేత్త, అదీ 1987లో, యుద్ధం జరిగిన నలభై నాలుగేళ్ళకు. హాలండ్ దగ్గర ఇలాంటి లెక్కలు లేవు. ఆయన కళ్ళతో చూసింది చెప్పాడు.

తెల్లవారుజాము నుంచి యుద్ధనౌకలు దీవి మీద దాదాపు మూడు వేల టన్నుల గుండ్లు కురిపించాయి. పొగ, దుమ్ము తప్ప దీవి కనిపించలేదు. లోపల ఇంకెవరూ మిగిలి ఉండరని ఓడల మీద ఉన్నవాళ్ళు నమ్మారు. మొదటి మూడు వరసల మెరీన్లు గొలుసు పట్టాల బండ్లలో వెళ్ళారు. ఆమ్‌ట్రాక్ అంటారు వాటిని. నీటిలో ఈదుతాయి, పగడం తగిలితే దాని మీదికి ఎక్కి పాకుతాయి. అవి మొత్తం 125 మాత్రమే దొరికాయి. అవి తిన్నె దాటి ఒడ్డుకు చేరాయి. నాలుగో వరస నుంచి అందరూ హిగిన్స్ పడవల్లో వచ్చారు.

పడవల అడుగు పగడానికి రాసుకున్న చప్పుడు వినిపించింది. ముందు తలుపు కిందికి పడింది. ఎదురుగా అయిదు వందల నుంచి ఏడు వందల గజాల నీరు. కొన్నిచోట్ల నడుము లోతు, కొన్నిచోట్ల ఛాతీ లోతు, ఉన్నట్టుండి గుంత వస్తే తల మునిగేంత. భుజాన బరువు, రెండు చేతులతో తుపాకీ తల పైకి ఎత్తి పట్టుకుని నడవాలి. పరుగెత్తడానికి వీలు లేదు, పడుకోవడానికి వీలు లేదు. నీటిలో ఛాతీ లోతున నడిచే మనిషి వేగం మీకు తెలుసు. ఆ గోడ వెనక నుంచి మర తుపాకులు పేలుతున్నాయి. మడుగులోకి చాచి కట్టిన ఒక పొడవాటి వంతెన రేవు ఉంది. దాని గుంజల మధ్య నుంచి, గుంజ నుంచి గుంజకు దాక్కుంటూ చాలామంది ఒడ్డు చేరారు. మిగిలినవారికి అడ్డు ఏదీ లేదు. ఒక అడుగు నీరు ఎక్కువ ఉండి ఉంటే ఆ పడవలు ఆ దూరాన్ని నిమిషాల్లో దాటేవి.

ఆ రోజు ఒడ్డుకు బయల్దేరిన అయిదు వేల మందిలో 1,500 మంది చీకటి పడేలోగా చనిపోయారు లేదా గాయపడ్డారు. మిగిలినవాళ్ళు కొబ్బరి గోడ కిందా, కొద్ది గజాల లోపలా, ఒకరినొకరు ఆనుకుని రాత్రి గడిపారు. ఒడ్డు మీద నాయకత్వం కల్నల్ డేవిడ్ షూప్‌ది. కాలికి దెబ్బ తగిలినా వెనక్కి వెళ్ళలేదు. ఆయన ఆదేశాలు ఇవ్వడానికి నిలబడిన చోటు ఒక జపాను బంకరు గోడ పక్కన. ఆ బంకరు లోపల జపాను సైనికులు ఇంకా ప్రాణాలతోనే ఉన్నారు. వాళ్ళు బయటికి రాకుండా దాని కన్నాల దగ్గర కాపలా పెట్టి, ఆ గోడకే వీపు ఆనించి ఆయన పోరు నడిపాడు. ఇరవయ్యేళ్ళ తరవాత ఇదే మనిషి, అప్పటికి మెరీన్ దళానికి అధిపతిగా పనిచేసి పదవీ విరమణ చేశాక, వియత్నాం యుద్ధం తప్పని బహిరంగంగా చెప్పాడు. ఆ మాట అనే అర్హత ఆయనకు బెటియోలో వచ్చిందని నేను నమ్ముతాను.

ఆ రాత్రి జపాను దళాలు ఎదురుదాడి చేసి ఉంటే మెరీన్లు సముద్రంలోకి నెట్టబడేవారు. దాడి రాలేదు. కారణాలు రెండు. ఫిరంగి గుండ్లు కోటను పగలగొట్టలేకపోయినా, పైపైన పరిచిన టెలిఫోను తీగలను తెంపేశాయి. ఒక బంకరు మాట మరో బంకరుకు చేరలేదు. ఇక షిబసాకి ఆ మధ్యాహ్నమే చనిపోయాడు. తన కాంక్రీటు బంకరును గాయపడినవాళ్ళ కోసం ఖాళీ చేసి వేరే చోటికి వెళ్తుండగా ఒక గుండు వచ్చి పడింది.

పోరు మొత్తం 76 గంటలు. అమెరికన్ల వైపు వెయ్యి మందికి పైగా చనిపోయారు, రెండు వేల మందికి పైగా గాయపడ్డారు. జపాను సైనికుల్లో ప్రాణాలతో చిక్కినవాళ్ళు 17 మంది. కొరియా కూలీల్లో 129 మంది. ఈ చివరి అంకె దగ్గర ఒక్క క్షణం ఆగమని మిమ్మల్ని కోరుతున్నాను. సుమారు 1,200 మందిలో 129. వాళ్ళు ఆ యుద్ధాన్ని కోరుకున్నవాళ్ళు కాదు, ఏ జెండా కోసమూ వచ్చినవాళ్ళు కాదు. తట్టా పారా ఇచ్చి తీసుకొచ్చారు.

అమెరికాలో పత్రికల్లో ఫోటోలు వచ్చాయి. నీటిలో తేలుతున్న మెరీన్ల దేహాలను తెర మీద చూపడానికి అధ్యక్షుడు రూజ్‌వెల్ట్ స్వయంగా అనుమతి ఇచ్చాడు. నా కొడుకును చంపింది నువ్వే అంటూ తల్లులు పసిఫిక్ నౌకాదళ అధిపతి అడ్మిరల్ నిమిట్జ్‌కు ఉత్తరాలు రాశారు. మాకిన్ దగ్గర నవంబరు 24న లిస్కమ్ బే అనే చిన్న విమానవాహక నౌకను జపాను జలాంతర్గామి ముంచింది. 644 మంది పోయారు. వారిలో డోరిస్ మిల్లర్ ఒకడు. నౌక వంటశాలలో పనివాడిగా చేరి, పెర్ల్ హార్బర్ రోజున ఎవరూ నేర్పని మర తుపాకీ పట్టుకుని నిలబడి, నేవీ క్రాస్ అనే శౌర్య పతకం అందుకున్న మొదటి నల్లజాతి నావికుడు.

ఇక్కడి నుంచి కథ వేగం పెరుగుతుంది. నేనూ వేగంగానే చెబుతాను. బెటియో బంకర్ల నమూనాలను హవాయిలోని కహోలావె దీవి మీద అచ్చంగా అలాగే కట్టి, ఏ గుండు ఏ కోణంలో పడితే పగులుతుందో పరీక్షించి చూశారు. రెండు నెలల తరవాత, 1944 జనవరి 31న, మార్షల్ దీవుల్లోని క్వాజలీన్ మీదికి వెళ్ళారు. ప్రపంచంలోని అతి పెద్ద అటాల్‌లలో అది ఒకటి. ఈసారి పక్కనున్న చిన్న దీవులను ముందు పట్టుకుని, అక్కడ ఫిరంగులు నిలిపి, అక్కడి నుంచి పెద్ద దీవి మీద గుండ్లు కురిపించారు. గొలుసు పట్టాల బండ్లు వందల్లో వచ్చాయి. అన్నిటికంటే ముఖ్యం, ఎవరి జ్ఞాపకం మీదా ఆధారపడలేదు. దాడికి ముందు మనుషులు ఈత కొట్టుకుంటూ వెళ్ళి పగడం ఎంత ఎత్తున ఉందో, నీరు ఎంత లోతున ఉందో కళ్ళారా చూసి వచ్చారు. ఇద్దరు యూనిఫాం విప్పేసి ఈత నిక్కర్లతో పట్టపగలు నీటిలోకి దూకి వెళ్ళారు. క్వాజలీన్‌లో దాదాపు ఎనిమిది వేల మంది జపాను వైపు ఉన్నారు, దాదాపు అందరూ చనిపోయారు. అమెరికన్లు పోగొట్టుకున్నది దాదాపు 370 మందిని. ఆ వెంటనే ఫిబ్రవరిలో ఎనివెటాక్. మజురో అయితే ఒక్క పోరూ లేకుండా చేతికి వచ్చింది. దాని మడుగు నౌకాదళానికి రేవు అయింది.

వోట్జే, మాలోలాప్, మిలి, జలూయిట్, ఈ నాలుగు అటాల్‌ల మీద దిగనే లేదు. వాటిని వదిలేసి ముందుకు వెళ్ళిపోయారు. వదిలేశారు అన్న మాట మెత్తగా వినిపిస్తుంది. జరిగింది ఏమిటంటే, విమానాలు రోజూ వచ్చి బాంబులు వేసి వెళ్ళేవి, ఓడ ఒక్కటీ వచ్చేది కాదు. ఇందాక చెప్పాను కదా, అటాల్ నేల కొద్దిమందికే తిండి పెట్టగలదు. వేలాది సైనికులు అక్కడ చిక్కుకుపోయారు. యుద్ధం ముగిసే దాకా, ఏడాదిన్నర పాటు, ఎలుకలూ ఆకులూ ఏది దొరికితే అది తిన్నారు. వేలాది మంది తుపాకీ దెబ్బ తగలకుండా ఆకలితో చనిపోయారు. వాళ్ళతో పాటు మార్షల్ దీవుల జనం కూడా ఆ వలయంలో ఇరుక్కున్నారు. వాళ్ళకు మాత్రం సముద్రం తెలుసు. చీకట్లో పడవలు వేసుకుని, తిన్నెల మీద నడుస్తూ, అమెరికన్ ఓడల దగ్గరకు తప్పించుకుని వచ్చారు. కొబ్బరి ఈనెలను వంచి కట్టి, గవ్వలను దీవులుగా గుర్తించి, అలలు ఏ దీవిని తాకి ఎటు ఒంగుతాయో చూపే పటాలు చేసుకున్న జాతి అది. నూరేళ్ళ పాత కాగితపు పటాలతో వచ్చిన పెద్ద నౌకాదళానికి, ఈనెల పటాలు ఉన్న ఈ మనుషులను మొదట అడగాలని తోచలేదు.

ఇందాక ఒక చీటీ వచ్చింది. ఎవరో పంపారు, సంతోషం. "మిగతా వాటిని వదిలేసినట్టు టరావాను కూడా వదిలేయవచ్చు కదా?" అని అడిగారు. ఈ ప్రశ్న అప్పుడే పుట్టింది. మెరీన్ జనరల్ హాలండ్ స్మిత్ (ఇందాకటి మేజర్ హాలండ్, జూలియన్ స్మిత్ వేరే), ఆ దాడికి బాధ్యుల్లో ఒకరు, యుద్ధం తరవాత టరావాను వదిలేసి ఉండాల్సిందని బాహాటంగా రాశాడు. మార్షల్ దీవుల మీద ఫోటోలు తీయాలన్నా, బాంబులు వేయాలన్నా దగ్గరలో ఒక రన్‌వే కావాలి, అది అక్కడే ఉంది అని మరికొందరు అంటారు. పోరు ముగిసిన రోజే ఆ రన్‌వే మీద విమానం దిగింది, ఆ మాటా నిజమే. క్వాజలీన్‌లో ప్రాణాలు దక్కింది బెటియోలో నేర్చుకున్నదాని వల్లనే అన్న వాదన కూడా బలమైనది. నాకు మాత్రం ఆ వాదన గొంతు దిగదు. పగడం మీద నీరు ఎంత ఉంటుందో తెలుసుకోవడానికి వెయ్యి మంది చనిపోవాల్సిన అవసరం లేదు. తెలిసిన మనిషి, మేజర్ హాలండ్, గదిలోనే ఉన్నాడు, నోరు తెరిచి చెప్పాడు. ఒక వారం ఆగితే అమావాస్య వచ్చేది. ఆ ఎక్కువ నీరు వాళ్ళు అనుకున్న గంటకు దొరికేదో లేదో అది వేరే లెక్క, కానీ ఆ లెక్క వేయాల్సింది. నా అభిప్రాయం ఇది. మీలో ఎవరైనా విభేదిస్తే సభ తరవాత కూర్చుని మాట్లాడుకుందాం.

దీవుల జనం సంగతికి మళ్ళీ వస్తాను. దాడులకు వెనక స్థావరంగా ఎలిస్ దీవుల్లోని ఫునాఫుటిని అమెరికన్లు 1942 అక్టోబరులో తీసుకున్నారు. ఇప్పుడు అది టువాలు రాజధాని. ఉన్న కాస్త నేల మీద రన్‌వే వేయాలి. కొబ్బరి చెట్లు కొట్టారు, చేమ గోతులు పూడ్చారు, రన్‌వేకు కావలసిన పగడపు మట్టి కోసం దీవిలోనే పెద్ద పెద్ద గోతులు తవ్వారు. 1943 ఏప్రిల్ 23న జపాను విమానాలు వచ్చినప్పుడు జనం చర్చిలో తలదాచుకున్నారు. ఒక అమెరికన్ కార్పొరల్ లోపలికి వెళ్ళి వాళ్ళను బతిమాలి బయటికి రప్పించి, కందకాల్లోకి పంపాడు. దాదాపు 680 మంది. కాసేపటికి బాంబు ఆ చర్చి మీదనే పడింది. ఆ మనిషిని ఆ దీవిలో ఇప్పటికీ తలచుకుంటారు. ఆ గోతులు మాత్రం అలాగే ఉండిపోయాయి. ఉప్పునీరు ఊరి, చెత్త నిండి, పక్కనే గుడిసెలు వేసుకుని జనం బతికారు. వాటిని పూడ్చింది 2015లో. డెబ్భై ఏళ్ళకు పైగా.

పసిఫిక్‌లోనే ఉలితి అనే మరో అటాల్‌లో మరో రకం. 1944 సెప్టెంబరులో అమెరికన్లు దిగేసరికి జపాను వాళ్ళు అప్పటికే వెళ్ళిపోయి ఉన్నారు. ఆ మడుగులో ఒక దశలో ఆరు వందలకు పైగా ఓడలు లంగరు వేశాయి. ఓడలను బాగు చేయడానికి తేలే డాక్‌లు కూడా అక్కడికి లాక్కొచ్చారు. మొగ్‌మొగ్ దీవి జనాన్ని వేరే దీవికి పంపి, ఆ చోటును నావికుల విశ్రాంతికి వాడుకున్నారు. యుద్ధం అయ్యాక వాళ్ళ దీవి వాళ్ళకు తిరిగి వచ్చింది.

మార్షల్ దీవుల్లోని బికినీ అటాల్ జనానికి ఆ భాగ్యం లేదు. అణు బాంబు పరీక్షల కోసం 1946లో 167 మందిని ఓడ ఎక్కించి రాంగెరిక్ అనే మరో అటాల్‌కు తీసుకెళ్ళారు. అక్కడ తిండి చాలక ఆకలితో అలమటించారు. 1948లో కిలీ అనే దీవికి మార్చారు. కిలీకి మడుగు లేదు. తరతరాలుగా నిశ్చలమైన మడుగులో పడవ వేసి చేపలు పట్టిన వాళ్ళను, నేరుగా సముద్రపు అలలు కొట్టే ఒంటరి దీవి మీద దించారు. చేపల వేట తెలిసినవాడికి ఆ మార్పు అంటే ఏమిటో మన జాలరి సోదరులు చెప్పగలరు.

ఎనివెటాక్‌లో జరిగింది చెప్పి ముగిస్తాను. అణు పరీక్షల సన్నాహాల్లో భాగంగా 1952లో అక్కడ పగడంలోకి బోర్లు వేశారు. నాలుగు వేల అడుగులకు పైగా పగడం తరవాత నల్లటి అగ్నిపర్వత శిల తగిలింది. 110 ఏళ్ళ కిందట డార్విన్ ఊహించిన కుంగిపోయిన కొండ అది. సరిగ్గా ఉన్నచోటే ఉంది. అదే ఏడాది నవంబరు 1న, అదే అటాల్‌లో మొదటి హైడ్రోజన్ బాంబు పేల్చారు. ఎలుగెలాబ్ అనే దీవి అక్కడ ఉండేది. పేలుడు తరవాత ఆ చోట సముద్రంలో ఒక గొయ్యి ఉంది.

బెటియోలో ఇప్పుడు జనం కిక్కిరిసి ఉన్నారు. యుద్ధం తరవాత, 1946లో, సమాధుల కోసం వెతికినవాళ్ళకు చనిపోయిన మెరీన్లలో సగం మంది దేహాలే దొరికాయి. పోరు ముగిశాక స్థావరం కడుతూ గుర్తులు మార్చేశారు, మట్టి చదును చేసేశారు. ఇల్లు కట్టడానికి పునాది తవ్వినా, పందుల దొడ్డికి గుంజ పాతినా ఎముకలు బయటపడుతూ ఉంటాయి, పేలని గుండ్లు కూడా. 2015లో ఒకే చోట ముప్పై మందికి పైగా దొరికారు. జపాను వాళ్ళ ఎముకలు, కొరియా వాళ్ళ ఎముకలు కూడా అదే ఇసుకలో ఉన్నాయి. దీవి కొసన ఎనిమిది అంగుళాల ఫిరంగులు తుప్పు పట్టి ఇంకా నిలబడి ఉన్నాయి. సింగపూరులో దోచి తెచ్చారని చాలాకాలం చెప్పుకున్నారు కానీ, అవి 1905లో జపాను బ్రిటన్ దగ్గర డబ్బిచ్చి కొనుక్కున్నవి.

పాటు వేళ మడుగు వైపు నీరు వెనక్కి తగ్గుతుంది. ఆనాడు పడవలు ఆగిపోయిన ఆ తిన్నె మీదికి ఆడవాళ్ళు, పిల్లలు బుట్టలు పట్టుకుని వస్తారు. మోకాలి లోతు నీటిలో వంగి ఇసుకలో వేళ్ళతో వెతికి గుల్లలు ఏరుకుంటారు. ఎప్పుడు రావాలో, ఎప్పుడు ఒడ్డుకు వెళ్ళిపోవాలో వాళ్ళకు ఎవరూ చెప్పనక్కరలేదు. వాళ్ళకు కాస్త దూరంలో ఒక అమెరికన్ ట్యాంకు పగడంలో కూరుకుపోయి ఉంది. నీరు దిగినప్పుడు పైకి కనిపిస్తుంది, పోటు ఎక్కినప్పుడు మునిగిపోతుంది.

నమస్కారం.